నడిస్తేనే వచ్చే అమావాస్య

కాలానికి ఒక దేవుణ్ణి ఊహించమంటే కథకులకు ముందుగా తోచేది నోరో, చక్రమో. అన్నిటినీ మింగే నోరు, లేదంటే ఎవరికోసమూ ఆగని చక్రం. మన పురాణాల్లో యముడికీ కాలానికీ ఒకటే పేరు. గీత పదకొండో అధ్యాయంలో అర్జునుడికి కనిపించిన విశ్వరూపం తాను లోకాలను క్షయం చేసే కాలాన్నని చెప్పుకుంటుంది. కొత్త లోకాలను కల్పించి నవలలు రాసేవాళ్లు సైతం కాలదేవతను సృష్టించాల్సి వచ్చినప్పుడు ఈ రెండు బొమ్మల దగ్గరికే వస్తుంటారు. వీటన్నిటి వెనుకా ఒకే నమ్మకం ఉంది: కాలం మనిషి ప్రమేయం లేకుండా సాగిపోతుంది, మనిషి చేయగలిగిందల్లా దానికి భయపడటం, కాకపోతే సర్దుకుపోవడం. ఉట్నూరు ప్రాంతపు గోండుల ఆచారాన్ని శ్రద్ధగా చూస్తే ఈ నమ్మకం సగమే నిజమని తెలుస్తుంది. ఇంద్రవెల్లి మండలం కేస్లాపూర్‌లో కొలువైన సర్పదేవత నాగోబా దగ్గర కాలం దానంతటదే రాదు. దాన్ని కాలినడకన వెళ్లి తెచ్చుకోవాలి. యాత్రకూ కాలానికీ ఉన్న ఈ సంబంధం ఒక తెగ ఆచారంగా మాత్రమే కాక, కాలం గురించిన ఒక ఆలోచనగా కూడా నిలబడుతుందని ఈ వ్యాసంలో నా వాదన.

ఏటా పుష్యమాసంలో జరిగేది ఇది. ఆకాశంలో నెలవంక కనబడగానే గోండుల్లోని మెస్రం వంశపు పెద్దలు కేస్లాపూర్‌లో కూడుతారు. ఎడ్లబండి మీద ప్రచారయాత్ర ఊళ్లకు బయలుదేరుతుంది. జాతర సమీపించిందని చెప్పడం, గంగాజలానికి ఎవరు ఎప్పుడు కదలాలో తేల్చుకోవడం ఈ దశలోనే జరుగుతాయి. తర్వాత తెల్లటి బట్టలు కట్టుకున్న మెస్రం వంశీయులు ఝరి అనే నీటిపాత్ర పట్టుకుని, చెప్పులు లేని కాళ్లతో, వరుసగా గోదావరి వైపు నడుస్తారు. గమ్యం జన్నారం మండలం కలమడుగు దగ్గరి హస్తినమడుగు. ఒక్కవైపే పదుల కిలోమీటర్లు ఉంటుంది. దారిలో ఊళ్లలో మకాం, జన్నారం వైపు వెళ్లేకొద్దీ కవ్వాల అడవి. అక్కడ నదికి పూజ చేసి, ఝరిలో నీళ్లు నింపి, మళ్లీ అదే కాళ్లతో వెనక్కి. తిరుగుదారిలో ఇంద్రవెల్లిలో ఇంద్రాదేవికి మొక్కి కేస్లాపూర్ పొలిమేరలోని మర్రిచెట్ల నీడకు చేరుతారు. అమావాస్య దాకా అక్కడే బస. సిరికొండ కుమ్మరులు చేసిన కుండలు వస్తాయి. గోండుల కథకులైన పర్ధాన్లు వంశకథ చెబుతారు, కాలికోం, పేప్రే, డోలు మోగుతాయి. పుష్య అమావాస్య నడిరాత్రి ఆ నీళ్లతో నాగోబాకు అభిషేకం, మహాపూజ. అక్కడితో జాతర మొదలవుతుంది. లక్షల మంది బస్సుల్లో, జీపుల్లో వచ్చి చూసేది దీని తర్వాతి భాగాన్నే.

ఇందులో గమనించవలసింది పనుల వరుస. మామూలు తీర్థయాత్రలో పుణ్యకాలం ముందే నిర్ణయమై ఉంటుంది, మనిషి వెళ్లి అందుకుంటాడు. ఇదే గోదావరికి పుష్కరం ఉంది. బృహస్పతి సింహరాశిలో అడుగుపెట్టినప్పుడు, పన్నెండేళ్లకోసారి, నదికి పుష్కరత్వం వస్తుంది. 2015 జులై 14 నుంచి 25 దాకా బాసర, ధర్మపురి, కాళేశ్వరం, భద్రాచలం, రాజమండ్రి రేవుల్లో జనం మునిగింది అందుకే. అక్కడ కాలాన్ని తెచ్చేది గ్రహం. మనిషి నదికి ఆలస్యంగా వెళ్లినా, అసలు వెళ్లకపోయినా పుష్కరం వచ్చి పోతుంది. ఇంకో పోలిక ఇంతకంటే దగ్గరగా ఉంది. మన పుష్య అమావాస్యే ఉత్తరాదివాళ్లకు మౌని అమావాస్య. 2025 జనవరి 28 రాత్రి కేస్లాపూర్‌లో మహాపూజ జరిగితే, మర్నాడు ప్రయాగలో మహాకుంభమేళాకు వచ్చిన జనం అదే తిథికి సంగమంలో మునిగారు. చంద్రుడు ఒకడే, తిథి ఒకటే. ప్రయాగలో మనుషులు నీళ్ల దగ్గరికి వెళ్లారు, ఇక్కడ నీళ్లు మనుషుల భుజాల మీద దేవుడి దగ్గరికి వచ్చాయి. ఆ నీళ్లు రాకపోతే కేస్లాపూర్‌లో మహాపూజ లేదు. పూజ లేకపోతే కొత్త కోడళ్లను దేవుడికి పరిచయం చేసే భేటింగ్ లేదు, జాతర లేదు, అధికారులు గోండుల అర్జీలు తీసుకునే దర్బారు లేదు. ప్రయాగలో ఒక మనిషి రాకపోతే నష్టం ఆ మనిషికి. కేస్లాపూర్‌లో ఆ నడక ఆగితే అందరికీ ఆ ఏడు ఆగుతుంది.

దీనికి వెంటనే వచ్చే ఆక్షేపణ బలమైనదే. మెస్రం వంశీయులు నడిచినా, నడవకపోయినా చంద్రుడు క్షీణిస్తాడు, అమావాస్య వస్తుంది. నెలవంక చూసి బయలుదేరుతున్నారంటేనే వాళ్లూ ఆకాశపు కాలానికి లోబడ్డారని అర్థం. మరి కాలాన్ని నడిచి తెచ్చుకోవడమంటే కవిత్వం తప్ప ఏముంది? దీనికి జవాబు మన శాస్త్రాల్లోనే ఒక పాత వివాదంలో దొరుకుతుంది. వైశేషికులు కాలాన్ని తొమ్మిది ద్రవ్యాల్లో ఒకటిగా లెక్కించారు. నేల, నీరు ఎలా ఉన్నాయో కాలమూ అలాగే ఉంది, అది ఒక్కటే, అంతటా వ్యాపించింది, ముందు వెనుకల భేదాన్ని బట్టి దాన్ని ఊహిస్తాం అన్నారు. మన శ్రీపర్వతంతో ముడిపడిన ఆచార్య నాగార్జునుడు దీన్ని ఒప్పుకోలేదు. మూలమధ్యమక కారికల్లో ఆయన రెండో ప్రకరణాన్ని నడకకు, పంతొమ్మిదో ప్రకరణాన్ని కాలానికి కేటాయించాడు. నడిచేసిన దారిని ఇప్పుడు నడవడం లేదు, నడవని దారినీ నడవడం లేదు, మరి నడక ఎక్కడుంది అని అడుగుతాడు. నడిచేవాడు లేకుండా నడక లేదు, నడక లేకుండా నడిచేవాడు లేడు అని తేలుస్తాడు. కాలం దగ్గరికి వచ్చేసరికి, వస్తువులను ఆసరా చేసుకునే కాలమని దేన్నైనా అంటున్నాం, ఆ వస్తువులకే సొంత ఉనికి లేనప్పుడు విడిగా కాలమెక్కడిది అంటాడు. ఆయన ఉద్దేశం నడకనూ కాలాన్నీ శూన్యమని చూపించడం. ఆ చివరి మెట్టు దాకా నేను వెళ్లను. అయితే ఆయన దారిలో చూపించిన ఒక విషయం ఇక్కడ చాలు: జరిగే పనులకు బయట కాలం ఒక ఖాళీ సంచిలా వేలాడుతూ ఉండదు.

చంద్రుడి క్షయం ఒక సంఘటన. కేస్లాపూర్ అమావాస్య మరో సంఘటన. రెండూ ఒకే రాత్రి జరుగుతాయి, కానీ ఒకటి జరిగినంత మాత్రాన రెండోది జరగదు. కుటుంబాల్లో అందరికీ తెలిసిన సంగతే ఇది. తండ్రి తిథి పంచాంగంలో ఏటా వస్తుంది. కొడుకులు కూడి పెట్టకపోతే అది పంచాంగంలోనే మిగిలిపోతుంది. ఆకాశం ఇచ్చేది అవకాశం. దాన్ని ఒక సమూహపు కాలంగా మార్చేది ఆ సమూహం చేసే పని. నెలవంకను కంటితో చూసి మొదలుపెట్టి, చంద్రుడు లేని రాత్రి ముగించడంలోనే ఈ రెండింటి పొత్తు ఉంది. ఆకాశంలో ఒక నెల గడుస్తున్నంతసేపూ నేల మీద ఒక యాత్ర గడుస్తుంటుంది. ఆ నెలను మెస్రం వంశీయులు గడపలేదు, మోశారు.

రెండో ఆక్షేపణ పండితులది. నాగోబా సర్పదేవత, మెస్రం వంశానికి కులదైవం. ఆయనను కాలదేవత అనడం బయటివాళ్లు తగిలించే పేరు కాదా? నిజమే, నాగోబాను కాలదేవుడని కేస్లాపూర్‌లో ఎవరూ పిలవరు. గోండుల దేవగణంలో పెర్సాపేన్ ఉన్నాడు, వంశాలను నాలుగు, ఐదు, ఆరు, ఏడు సగలనే వర్గాలుగా విభజించిన ఆది గురువు పహండి కుపార్ లింగో ఉన్నాడు, పుష్యమాసంలోనే కెరమెరి మండలం సరిహద్దు కొండల్లో కొలుపులందుకునే జంగుబాయి ఉంది. వీళ్లెవరికీ కాలమనే శాఖ అప్పజెప్పలేదు. పాము కుబుసం విడుస్తుంది కాబట్టి అది పునర్జన్మకూ కాలచక్రానికీ గుర్తు అని చెప్పే తేలిక దారి ఒకటుంది. అలాంటి ప్రతీకను ఏ పాముకైనా, ఏ దేశంలోనైనా తగిలించవచ్చు. అది కేస్లాపూర్ గురించి ఏమీ చెప్పదు. నా వాదన నాగోబా ఎవరన్న దాని మీద ఆధారపడలేదు, ఆయన ఎదుట ఏం జరుగుతుందన్న దాని మీద నిలబడింది. ఒక దేవుడు దేనికి అధిపతో తెలియాలంటే ఆయన విగ్రహం చేతిలో ఏముందో కాక, ఆయన కోసం మనుషులు దేన్ని సరిచూసుకుంటారో చూడాలి.

అక్కడ సరిచూసుకునేది ఏడాదినే. మర్రిచెట్ల కింద మకాంలో, గడచిన ఏడాదిలో చనిపోయిన వంశీయుల పేరిట తూమ్ పూజలు చేస్తారు. మహాపూజ తర్వాత భేటింగ్: గడచిన ఏడాదిలో మెస్రం ఇళ్లకు కోడళ్లుగా వచ్చినవాళ్లు తెల్లచీర కట్టుకుని, ముఖం మీద ముసుగుతో, పెద్దల వెంట నాగోబా ముందుకు వచ్చి పరిచయమవుతారు. అంతవరకు వాళ్లు ఈ దేవుణ్ణి చూడకూడదు. చూశాకే వంశంలో పూర్తిగా చేరినట్టు. పోయినవాళ్ల లెక్క, వచ్చినవాళ్ల లెక్క ఒకే చోట, ఒకే మకాంలో తేలుతాయి. 22 కితలుగా విడిపోయిన వంశం తెలంగాణలోనే కాక మహారాష్ట్ర, ఛత్తీస్‌గఢ్, మధ్యప్రదేశ్, ఒడిశాలదాకా చెదిరి ఉంది. అన్ని ఊళ్లలో జరిగిన చావులూ పెళ్లిళ్లూ ఇక్కడికి వచ్చి కలిస్తే తప్ప, ఆ ఏడాది అనేది ఒక్కో ఇంట్లో ఒక్కో రకంగా గడిచిపోయి ఉండేది. అవి ఇలా ఒక్కచోటికి చేరాకనే అది వంశం మొత్తానికి ఒకే సంవత్సరం అవుతుంది.

ఈ కారణం చేతనే మిర్చా ఎలియాడె సిద్ధాంతం ఇక్కడ పూర్తిగా సరిపోదనిపిస్తుంది. 1949లో వచ్చిన తన ప్రసిద్ధ గ్రంథంలో ఆయన, సంప్రదాయ సమాజాల పండుగలన్నీ సృష్టి జరిగిన ఆదికాలానికి తిరిగి వెళ్లే ప్రయత్నాలేనని, అలా వెళ్లడం ద్వారా ఆ మనుషులు చరిత్రను చెరిపేసుకుంటారని వాదించాడు. కేస్లాపూర్‌లో ఆదికథ ఉంది, దాన్ని పర్ధాన్లు చెబుతారు. అది విన్న మెస్రం వంశీయులు చరిత్రను చెరపడం లేదు, సరిగ్గా ఆ ఏడాది చరిత్రనే పేరుపేరునా తెచ్చి దేవుడి ముందు పెడుతున్నారు. నిరుటి భేటింగ్‌లో నిలబడిన కోడలు ఈ ఏడు మళ్లీ నిలబడదు. తూమ్ అందుకున్నవాళ్ల పేర్లు ఏ రెండేళ్లూ ఒకటి కావు. నడక పాతదే, నదీ అదే, లెక్క మాత్రం ప్రతిసారీ కొత్తది. గిరిజనులకు చక్రంలాంటి కాలమే తెలుసు, ముందుకు సాగే కాలం తెలియదు అని తేలిగ్గా రాసే వ్యాసాలను చూస్తే బాధ కలుగుతుంది. ఆ మాట రాసేవాళ్లు మర్రిచెట్ల కింద ఎవరి పేర్లు పలుకుతున్నారో విని ఉండరు.

భేటింగ్ గురించి ఒక ప్రశ్న తప్పించుకోకూడనిది. వంశపు కాలంలోకి ప్రవేశించడానికి పరిచయం, ముసుగు, నిరీక్షణ స్త్రీకే ఎందుకు? పెళ్లికొడుకు ఎందుకు ఎక్కడా ఇలా నిలబడడు? పితృవంశ వ్యవస్థ ఉన్న ప్రతి చోటా ఉండే అసమానత ఇక్కడా ఉంది, దాన్ని పవిత్రమని చెప్పి కప్పడం సరికాదు. అయితే బొమ్మలో ఇంకో సగం కూడా ఉంది. జాతరలో మెస్రం ఆడపడుచులు, వేరే వంశాలకు వెళ్లిపోయినవాళ్లు, భర్తలతో కలిసి వస్తారు. కోనేటి నుంచి నీళ్లు తెచ్చి, మట్టి కలిపి పుట్టలు తయారుచేసేది ఆ ఆడపడుచులూ అల్లుళ్లూ. గోత్రం మారిన కూతురి చేతి నీళ్లు లేకుండా పూజ నిండదు. అత్తవారింట్లో ఆమె ఏడాది వేరుగా గడిచినా, పుట్టింటి ఏడాదిలో ఆమెకు చేయవలసిన పని ఒకటి మిగిలే ఉంది. దీంతో అసమానత తొలగిపోదు. కానీ స్త్రీకి ఈ కాలంలో చోటే లేదన్న మాట కూడా నిలవదు.

మూడో ఆక్షేపణ నేటి కాలానిది, యువకులే అడిగేది. ఉట్నూరు నుంచి జన్నారానికి తారురోడ్డు ఉంది. హస్తినమడుగుకు పొద్దున బండి మీద వెళ్లి నీళ్లు పట్టుకుని మధ్యాహ్నానికి తిరిగి రావచ్చు. నీళ్లు అవే, నదీ అదే. కాళ్లు బొబ్బలెక్కితే దేవుడికి ఏమొస్తుంది? నీటినే చూస్తే ఈ ప్రశ్నకు జవాబు లేదు. బండి మీద వచ్చిన నీరు కూడా తడుపుతుంది. కానీ దారిలోని మకాంలన్నిటినీ బండి తీసేస్తుంది. ఊరూరా ఆగితేనే ఫలానా ఇంట్లో ముసలాయన పోయాడని, ఫలానావాళ్ల కొడుక్కి పెళ్లయిందని తెలుస్తుంది. కితల మధ్య మనస్పర్ధలు రాత్రి మకాంలో కూర్చుని మాట్లాడుకుంటే తీరుతాయి. పెద్దవాళ్ల వెనుక నడిచే కుర్రాడికి ఏ వాగు దగ్గర ఎవరికి మొక్కాలో, ఏ చెట్టు కింద ఏ కథ చెప్పాలో తెలుస్తుంది. ఈ పనులు వేగాన్ని ఓర్చుకోవు. ఆచారాన్ని పట్టుకుని వేలాడేవాళ్లు కొత్తను వద్దంటారన్న అభిప్రాయం కూడా ఇక్కడ తప్పే. తమలో తాము చందాలు వేసుకుని పాత గుడి స్థానంలో నల్లరాతి ఆలయం కట్టించి 2022 డిసెంబరులో విగ్రహ ప్రతిష్ఠ చేసుకున్నది ఈ మెస్రం వంశీయులే. రాయి మార్చారు, నడక మార్చలేదు. దేన్ని మార్చవచ్చో దేన్ని మార్చకూడదో వాళ్లకు స్పష్టంగా తెలుసునని దీనివల్ల నమ్ముతున్నాను.

ఇక రాజ్యం సంగతి. జోడేఘాట్‌లో కొమురం భీం 1940లో నేలకొరిగాక, నిజాం ప్రభుత్వం గోండుల స్థితిగతులను తెలుసుకునే బాధ్యతను మానవశాస్త్రవేత్త క్రిస్టఫ్ ఫాన్ హైమన్‌డార్ఫ్‌కు అప్పగించింది. మార్లవాయిలో ఉండి పనిచేసిన ఆయన, అధికారులూ గోండు పెద్దలూ ఎదురెదురుగా కూర్చునే దర్బారును ఆ దశాబ్దంలోనే నాగోబా జాతరలో మొదలుపెట్టించాడు. దీన్ని పరిపాలనా సౌలభ్యంగానే చాలామంది చూస్తారు: జనమంతా ఒకచోట చేరతారు, అర్జీలు తీసుకోవడం సులువు. నాకు ఇందులో అంతకంటే లోతైన గుర్తింపు కనిపిస్తుంది. అంతకుముందు పన్నుకూ, అడవి కేసుకూ, కోర్టు వాయిదాకూ గోండు సర్కారు తేదీకి పరుగెత్తాడు. దర్బారు రోజు మాత్రం సర్కారు గోండు తేదీకి వచ్చింది. నెలవంక చూసి మెస్రం పెద్దలు నిర్ణయించిన కాలంలో జిల్లా కలెక్టరు తన పనిదినాన్ని కుదుర్చుకోవాలి. ఎవరి కాలానికి ఎవరు వస్తారన్నది అధికారానికి సంబంధించిన అసలు ప్రశ్న.

ఈ ప్రశ్న ఎంత తీవ్రమైనదో అదే మండలంలో ఇంకో తేదీ చెబుతుంది. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో భూమి హక్కుల కోసం సభకు వచ్చిన గిరిజనుల మీద పోలీసులు కాల్పులు జరిపారు. ప్రభుత్వ లెక్క ప్రకారం 13 మంది చనిపోయారు, హక్కుల సంఘాలు చెప్పిన సంఖ్య అంతకంటే చాలా ఎక్కువ. ఆ తర్వాత ఎన్నో ఏళ్లపాటు ఏప్రిల్ 20 వస్తే అక్కడి మృతుల స్తూపం దగ్గర ఆంక్షలే. భీం వర్ధంతిని గోండులు ఆశ్వయుజ పౌర్ణమికి, తమ చంద్రుడి లెక్కన జరుపుకుంటారు. ఇంద్రవెల్లి మృతులకు అలాంటి తిథి ఏర్పడలేదు, తూటా పేలిన ఇంగ్లీషు తేదీయే మిగిలింది. నడిచి తెచ్చుకున్న కాలం ఒకటి, మీద పడ్డ కాలం ఒకటి, రెండింటికీ మధ్య దూరం కొద్ది కిలోమీటర్లే. దీన్ని పట్టుకుని చివరి ఆక్షేపణ చేయవచ్చు: ఇన్నేళ్ల నడక, ఇన్ని దర్బారులు ఆ తూటాలను ఆపలేకపోయాయి కదా? నిజం, ఆపలేకపోయాయి. యాత్ర వల్ల అన్యాయం ఆగుతుందని నేను అనడం లేదు. మెస్రం వంశీయులు ఏటా తమ లెక్క పూర్తి చేసి తెస్తున్నారు, ఎదుటివైపు కుర్చీలో కూర్చున్నవాళ్లు తమ లెక్క తేవడం లేదు. లోపం అక్కడుంది. చేతికొచ్చిన అర్జీలు తీసుకుని వెళ్లి, వచ్చే ఏడు మళ్లీ కొత్తగా వచ్చినట్టు రావడం, ఆ నేల మీద నడిచే కాలంతో తమకు సంబంధం లేదని చెప్పడమే. నాగోబా దర్బారులో మొదటి గంట కొత్త అర్జీలకు ఇవ్వకూడదు. పోయిన పుష్యంలో ఇచ్చిన భూమి పట్టాల దరఖాస్తులు, రోడ్లు, బడులు, తాగునీళ్ల మాటలు వరుసగా చదివి, ఏది తీరిందో, ఏది తీరలేదో, ఎందుకు తీరలేదో మెస్రం పెద్దల ఎదుట గోండీలోనూ తెలుగులోనూ చెప్పాలి. తూమ్‌లో పేర్లు పలికినట్టే ఆ అర్జీదారుల పేర్లూ ఒక్కొక్కటిగా పలకాలి. అది పూర్తయ్యాకే కొత్త కాగితం తీసుకోవాలి.